కరివేపాకు మీద ఓ మిషన్ డాక్టర్ పేరు

ఆదివారం ఆరాధన ముగిశాక ప్రేమవిందులో విస్తళ్లు తీసే వేళ మాకు ఎప్పుడూ కనిపించే దృశ్యం ఒకటుంది. మెతుకు మిగల్చకుండా తినేవాళ్లు కూడా సాంబారులోని కరివేపాకు రెబ్బల్ని మాత్రం ఏరి విస్తరి అంచున పెడతారు. అవసరం తీరాక ఎవరినైనా పక్కన పెట్టేస్తే ‘కూరలో కరివేపాకులా తీసిపారేశారు’ అంటాం. కానీ మనం అలా ఏరిపారేసే ఆకు మీద ఓ మనిషి పేరుంది. ఆయన మన తీరానికి మిషన్ డాక్టరుగా వచ్చినవాడు. కన్నుమూసింది మన కాకినాడలో!

కరివేపాకుకు శాస్త్రజ్ఞులు పెట్టిన లాటిన్ పేరు ముర్రయా కోనిగీ. ఈమధ్య దాన్ని మళ్లీ పాత పేరుకు మార్చి బెర్గెరా కోనిగీ అంటున్నారు. మొదటి మాట ఇంటిపేరు లాంటిది. అది మారింది. రెండో మాట మాత్రం మారలేదు. ‘కోనిగీ’ అంటే లాటిన్‌లో ‘కోనిగ్ యొక్క’ అని అర్థం. మన పెరట్లో మొక్క అయినా శాస్త్రం పుస్తకంలో అది కోనిగ్ గారిదే.

ఎవరీ కోనిగ్? యోహాన్ గెర్హార్డ్ కోనిగ్ 1728లో బాల్టిక్ సముద్రతీర ప్రాంతంలో పుట్టాడు. డెన్మార్క్‌లో మందుల తయారీ పని నేర్చుకున్నాడు. స్వీడన్ వెళ్లి కార్ల్ లిన్నేయస్ దగ్గర శిష్యరికం చేశాడు. 1764, 65 సంవత్సరాల్లో ఐస్‌లాండ్ మంచునేలల్లో తిరిగి మొక్కలు సేకరించాడు. ఆ తర్వాత 1768లో తమిళ తీరాన ఉన్న ట్రాంక్విబార్‌కు, అంటే తరంగంబాడికి, అక్కడి డేనిష్ మిషన్‌కు డాక్టరుగా వచ్చాడు. ట్రాంక్విబార్ పేరు మన సంఘాలకు కొత్త కాదు. 1706లో జీగెన్‌బాల్గ్ దిగిన రేవు అదే. తెలుగులోకి లేఖనాలను అనువదించిన బెంజమిన్ షుల్జ్ ఆ మిషన్ పంపిన మనిషే. చరిత్రలో వాళ్ల పేర్లు చదువుకున్నాం గానీ రోగుల్ని చూసుకుంటూ, తీరిక దొరికితే పొదల వెంట తిరిగిన ఈ డాక్టరు మన పాఠాల్లో ఎక్కడా లేడు.

కోనిగ్ తాను సేకరించిన మొక్కల్ని ఎండబెట్టి, కాగితాల మధ్య అద్ది, ఓడల మీద గురువుకు పంపేవాడు. వాటిలోని కరివేపాకుకు లిన్నేయస్ శిష్యుడి పేరు పెట్టాడు. అంతకు ముందే ఐస్‌లాండ్ నుంచి తెచ్చిన ఓ మొక్కను కోనిగియా ఐస్‌లాండికా అన్నాడు. అది అంగుళం, రెండంగుళాలు మించని బుల్లి మొక్క. మోకాళ్ల మీద వంగితే తప్ప కనపడదు. భూమికి ఆ కొసన మంచులో ఒకటి, ఈ కొసన మన పోపుగిన్నెలో ఒకటి. రెండూ ఒకే మనిషి పేరు మోస్తున్నాయి.

కోనిగ్ ఎల్లకాలం మిషన్‌లోనే ఉండలేదు. కొన్నాళ్లకు ఆర్కాటు నవాబు కొలువులో, 1778 నుంచి ఈస్టిండియా కంపెనీ కొలువులో చేరాడు. సయాం, మలక్కాల దాకా వెళ్లొచ్చాడు. 1785లో ప్రయాణంలో ఉండగా రక్తవిరేచనాలు పట్టుకున్నాయి. కాకినాడ జగన్నాథపురంలో ఆగిపోయాడు. పక్కనే సామర్లకోటలో విలియం రాక్స్‌బర్గ్ ఉండేవాడు. ఆయనా డాక్టరే, ఆయనకూ మొక్కల పిచ్చే. అయినా కోనిగ్ బతకలేదు. ఆ జూన్ నెలలోనే కన్నుమూశాడు. కాగితాలన్నీ లండన్‌లోని జోసెఫ్ బ్యాంక్స్‌కు చెందాలని రాసిపెట్టాడు. జీవితమంతా ఊళ్లు మారిన మనిషికి మిగిలిన ఆస్తి అదే.

ఈ పేర్లు పెట్టే పద్ధతిని స్థిరపరిచింది లిన్నేయసే. అంతకు ముందు ఓ మొక్క పేరు చెప్పాలంటే లాటిన్‌లో ఓ వాక్యమంత చెప్పాల్సి వచ్చేది. 1753లో మొక్కలకు, 1758లో జంతువులకు రెండేసి మాటల పేర్లు చాలన్నాడు. ఆ రెండో మాట రంగు కావచ్చు, ఊరు కావచ్చు, ఎవరికైనా గౌరవసూచకం కావచ్చు. మగవారి పేరైతే చివర ‘ఈ’ చేరుస్తారు, స్త్రీ పేరైతే ‘ఏ’. సలీం అలీ పేరిట దక్షిణ భారతంలోని ఓ గబ్బిలానికి 1972లో లాటిడెన్స్ సలీమాలీ అని పెట్టింది ఇలాగే. ఆ పేరు పెట్టింది థాయ్‌లాండ్ శాస్త్రజ్ఞుడు. ఎందుకంటే, మొక్కనో పురుగునో కనుక్కున్నవాడు దానికి తన పేరే పెట్టుకోవడం ఆ లోకంలో అమర్యాద. గౌరవం ఇంకొకరు ఇస్తేనే గౌరవం. మన ఊళ్లలో శిలాఫలకాల సంగతి తెలిసిన వాళ్లకు ఇది కాస్త వింతగానే ఉంటుంది!

లిన్నేయస్ ఓ లూథరన్ పాస్టరు కొడుకు. తండ్రి నీల్స్ చదువుకోవడానికి విశ్వవిద్యాలయానికి వెళ్లినప్పుడు ఇంటిపేరు అడిగితే, తమ పొలంలో ఉన్న పెద్ద లిండెన్ చెట్టును తలుచుకుని ‘లిన్నేయస్’ అని రాయించుకున్నాడు. ముందు చెట్టు మనిషికి పేరిచ్చింది, ఆ తర్వాతే ఆ మనిషి కొడుకు చెట్లన్నిటికీ పేర్లు పెట్టాడు. ఆయన పేరు మీద కూడా ఓ మొక్క ఉంది, లిన్నేయా బొరియాలిస్. అడవి నేల మీద పాకుతూ జంటగా రెండు చిన్న పూలు పూసే మొక్క. ఆయన గౌరవార్థం ఆ పేరు పెట్టింది స్నేహితుడు గ్రొనోవియస్. ఎవరూ పట్టించుకోని, కొద్దికాలమే పూసే ఆ పువ్వు తనలాంటిదేనని లిన్నేయస్ రాసుకున్నాడు. మరోవైపు ఆయనకు తన గొప్పతనం మీద నమ్మకం కూడా తక్కువేం కాదు. దూరదేశాలకు పంపిన శిష్యుల్ని ‘అపొస్తలులు’ అని పిలిచేవాడు. వాళ్లలో చాలామంది తిరిగి రాలేదు.

ఆదికాండము రెండో అధ్యాయంలో దేవుడు జంతువుల్ని, పక్షుల్ని ఆదాము దగ్గరకు తెచ్చి, వాటికి ఏ పేర్లు పెడతాడో చూశాడని చదువుతాం. ఎన్నో ప్రసంగాలు విన్నాం గానీ ఒక సంగతి మాకు ఆలస్యంగా తట్టింది. అన్నిటికీ పేర్లు పెట్టిన ఆదాము దేనికీ తన పేరు పెట్టాడని అక్కడ లేదు.

ట్రాంక్విబార్ మిషన్ నుంచి ఈ లాటిన్ పుస్తకాల్లోకి ఎక్కింది కోనిగ్ ఒక్కడే కాదు. క్రిస్టోఫ్ శామ్యూల్ జాన్ 1771లో అక్కడికి వచ్చిన మిషనరీ. పిల్లల బళ్ల కోసం బాగా పాటుపడ్డాడు. గవ్వలు, చేపలు, పాములు సేకరించి ఐరోపాకు పంపేవాడు. బెర్లిన్‌లోని డాక్టర్ బ్లాక్ అనే చేపల శాస్త్రజ్ఞుడు ఓ సముద్రపు చేపల జాతికి ఆయన పేరు మీద జోనియస్ అని పెట్టాడు. ఇక 1801లో ఓ పాముకూ ఆయన పేరు వచ్చింది. అది ఎరిక్స్ జానీ. మనం రెండు తలల పాము అంటాం. నిజానికి దానికి ఉన్నది ఒకటే తల. తోక మొద్దుగా ఉండి తలలా కనిపిస్తుంది, అంతే. విషం లేదు. పొలంలో ఎలుకల్ని తిని బతుకుతుంది. అది ఇంట్లో ఉంటే సిరి కలుగుతుందనీ, లక్షలు పలుకుతుందనీ ఎవరో పుట్టించిన మాట నమ్మి దాన్ని సంచుల్లో కుక్కి రహస్యంగా అమ్ముతున్నారు. పట్టుబడితే చట్టప్రకారం నేరం. పిల్లలకు బళ్లు పెట్టిన దైవసేవకుడి పేరు మోసే ఆ మూగజీవం మూఢనమ్మకానికి బలైపోతోంది. ఇందులో మనవాళ్లెవరూ లేరని చెప్పగలిగితే బాగుండేది.

పేరు ఎక్కితే ఇక చెరగదా అంటే అదీ లేదు. జాన్ తోటి మిషనరీ రాట్లర్ 1836లో మద్రాసులో చనిపోయాడు. తమిళ నిఘంటువు కూర్చిన పండితుడాయన. ఎర్రని రంగుపొడి ఇచ్చే ఓ చెట్టుకు ఆయన గౌరవార్థం రాట్లెరా అని పేరు పెట్టారు. అయితే అంతకు ముందే, 1790లో, ఆ కుటుంబానికి మల్లోటస్ అనే పేరు అచ్చయి ఉందని తేలింది. ముందు అచ్చయిన పేరుదే హక్కు. అది అక్కడి ధర్మం. చెట్టు పేరు మల్లోటస్ అయింది. రాట్లర్ పేరు ఇప్పుడు క్రోజోఫోరా రాట్లెరి అనే చిన్న కలుపుమొక్క మీద ఉంది. ఆయనకు ఇందులో బాధేమీ ఉండేది కాదని మా ఊహ.

చెరిపేయాల్సిన పేరు చెరగని సందర్భాలూ ఉన్నాయి. స్లొవేనియా గుహల్లో కళ్లులేని ఓ పురుగుకు 1937లో ఓ సేకర్త అనాఫ్తాల్మస్ హిట్లెరీ అని పేరు పెట్టాడు. ఆ నియంత పోయి ఎనభై ఏళ్లు దాటింది. పేరు మాత్రం పురుగును వదల్లేదు. జంతువుల పేర్ల నియమాల్లో, పెట్టినవాడి ఉద్దేశం చెడ్డదైతే మార్చవచ్చనే వెసులుబాటు లేదు. పైగా ఆ పేరు కోసమే కొందరు దాన్ని పట్టుకుని డబ్బిచ్చి కొనుక్కుంటున్నారు. మొక్కల శాస్త్రజ్ఞులు మాత్రం ఓ అడుగు వేశారు. ‘కాఫ్రా’ అనే మాట దక్షిణాఫ్రికాలో నల్లజాతివారిని అవమానించే తిట్టు. దాని మీదుగా వచ్చిన పేర్లు రెండొందలకు పైగా మొక్కలకు, శిలీంధ్రాలకు, నాచులకు ఉండేవి. 2024లో మాడ్రిడ్‌లో సమావేశమైనప్పుడు వాటిని ‘ఆఫ్రా’గా, అంటే ఆఫ్రికాకు చెందినదిగా, మార్చాలని ఓటు వేశారు. తీసేసింది ఒక్క అక్షరమే. ఆ అక్షరం కులం పేరుతో పిలిపించుకున్న మనలో చాలామందికి చిన్నదిగా కనిపించదు.

మళ్లీ మన తీరానికి వద్దాం. కోనిగ్ పోయాక కంపెనీలో ఆయన స్థానం ప్యాట్రిక్ రస్సెల్‌కు దక్కింది. ఎడిన్‌బరోలో పుట్టిన డాక్టరు. సోదరుడికి విశాఖపట్నంలో ఉద్యోగం రాగా 1781లో ఆయన వెంట వచ్చాడు. పాముకాటుతో చనిపోయే వాళ్లను చూసి, ఏ పాము విషసర్పమో, ఏది కాదో జనానికి తెలియాలని పాముల్ని తెప్పించుకుని పరీక్షించాడు. 1796లో కోరమండల్ తీరపు పాముల మీద పెద్ద పుస్తకం బొమ్మలతో సహా అచ్చయింది. మరుసటి ఏడు రక్తపింజరకు ఆయన పేరు పెట్టారు. డబోయా రస్సెలీ. దేశంలో పాముకాటుతో ఏటా సగటున 58 వేల మంది చనిపోతున్నారని 2020లో వచ్చిన ఓ అధ్యయనం లెక్కగట్టింది. వాటిలో ఎక్కువ కాట్లు ఈ పామువే. మనుషుల ప్రాణాలు కాపాడాలని తపించినవాడి పేరు ప్రాణాలు తీసే పాము మీద ఉండిపోయింది. గౌరవమంటే ఇలాగా అని మేము మొదట నవ్వుకున్నాం. తర్వాత నవ్వు రాలేదు. ఆయన వెతికింది దాన్నే కదా.

రస్సెల్ పుస్తకంలో మమ్మల్ని ఆపేసింది మాత్రం వేరే సంగతి. ఆయన ప్రతి పాము బొమ్మ దగ్గరా స్థానికులు దాన్ని ఏమంటారో రాసుకున్నాడు. రక్తపింజరను కాటుకరేకుల పొడ అన్నారట. కళ్లకు కాటుక రేఖలు దిద్దినట్టున్న ఆ మచ్చల్ని చూస్తే ఎంత చక్కని పేరో తెలుస్తుంది. పసుపు, నలుపు పట్టీలున్న ఇంకో పామును చూపించి అడిగితే ‘బంగారు పాము’ అన్నారు. ఆయన ఆ మాటను ఇంగ్లిషు అక్షరాల్లో తనకు వినపడినట్టు రాసుకున్నాడు.

చెప్పిందెవరు? పాముల్ని బుట్టలో పెట్టి తెచ్చిందెవరు? కోనిగ్‌కు కరివేపాకు రెబ్బ తుంచి వాసన చూడమన్నదెవరు? ఏ ఇల్లాలో, ఏ వంటమనిషో. రాక్స్‌బర్గ్‌కు అడవిదారి చూపిందెవరు? ఒక్కరి పేరూ లాటిన్‌లోకి ఎక్కలేదు. నిర్గమకాండము మొదటి అధ్యాయంలో ఫరో పేరు రాయలేదు గానీ షిఫ్రా, పూయా అనే ఇద్దరు మంత్రసానుల పేర్లు రాసి ఉన్నాయి. అది చదివినప్పుడల్లా సంతోషిస్తాం. అదే బైబిల్లో నయమానుకు స్వస్థత ఎక్కడ దొరుకుతుందో చెప్పిన చిన్నపిల్లకు పేరు లేదు. సేనాధిపతి పేరు తెలుసు, ప్రవక్త పేరు తెలుసు, దారి చూపిన దాసిపిల్ల పేరు తెలియదు. మన తీరంలో ఆ డాక్టర్ల వెంట నడిచినవాళ్లు ఆ పిల్ల వరసలోని వాళ్లు.

అయితే వాళ్లలో ఒకరి మాట మాత్రం ఎలాగో లోపలికి జారిపోయింది. రస్సెల్ పుస్తకం చూసి 1803లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు డోడాన్ ఆ పాముల జాతి మొత్తానికి పేరు పెట్టాల్సి వచ్చినప్పుడు, ‘బంగారు’ అన్న మన తెలుగు మాటకు లాటిన్ తోక తగిలించి బంగారస్ అన్నాడు. మన కట్లపాము బంగారస్ కెరూలియస్. చైనా, తైవాన్‌లలో ఉండే కట్లపాము బంగారస్ మల్టిసింక్టస్. 1963లో తైవాన్ శాస్త్రజ్ఞులు చాంగ్, లీ ఆ పాము విషం నుంచి ఓ పదార్థాన్ని వేరుచేసి దానికి బంగారోటాక్సిన్ అని పేరు పెట్టారు. కండరాలు పట్టుతప్పి, కనురెప్పలు వాలిపోయే మయస్తేనియా గ్రేవిస్ అనే జబ్బు ఎందుకొస్తుందో తెలుసుకోవడానికి, రక్తపరీక్షలో దాన్ని గుర్తించడానికి ఆ పదార్థం సాయపడింది. విశాఖ తీరంలో రెండొందల ఏళ్ల క్రితం ఎవరో తెలుగు మనిషి ఓ దొరకు చెప్పిన ఒక్క మాట, ఇవాళ ఎక్కడెక్కడి ప్రయోగశాలల్లోనో గాజుసీసాల మీద అతికించి ఉంది.