పాట నుండి మాటకు: ఒక నటుని ప్రస్థానం

పాడుతూ నటించే వానికి ఎదుట కూర్చున్న శ్రోతయే సగం బలం. మన పద్యనాటకాలలో ‘వన్స్ మోర్’ అనే కేక, ముషాయిరాలలో ‘ముకర్రర్’ అనే కోరిక ఆ బలానికి గుర్తులు. టెలివిజన్ కెమెరా ఎన్నడూ అట్టి కేక వేయదు. మరి కెమెరా ముందుకు వచ్చిన గాయక నటుని విద్య ఏమగును? అమెరికన్ నటుడు జెర్రీ ఆర్బాక్ జీవితంలో ఈ ప్రశ్నకు మాకొక సమాధానం కనిపించింది. దానిని విద్యార్థుల ముందుంచుటయే ఈ వ్యాసోద్దేశం.

ఆర్బాక్ 1935లో న్యూయార్క్ నగరంలో జన్మించాడు. 1960లో సుమారు 150 మంది పట్టే చిన్న నాటకశాలలో ‘ది ఫెంటాస్టిక్స్’ అనే సంగీత నాటకంలో ఎల్ గాయో పాత్ర ధరించి పేరు పొందాడు. పిమ్మట బ్రాడ్వే రంగస్థలాలకు ఎదిగి, ‘ప్రామిసెస్, ప్రామిసెస్’ నాటకంలోని నటనకు 1969లో టోనీ పురస్కారం అందుకున్నాడు. 1975లో ‘షికాగో’లో మాటకారి న్యాయవాదిగానూ, 1980లో ‘ఫార్టీ సెకండ్ స్ట్రీట్’లో కఠినుడైన నాటక దర్శకునిగానూ మెప్పించాడు.

‘లా అండ్ ఆర్డర్’ అనే టెలివిజన్ ధారావాహిక 1990లో ఆరంభమైంది. ప్రతి భాగంలోనూ పూర్వార్ధం పోలీసు పరిశోధన, ఉత్తరార్ధం న్యాయస్థాన విచారణ. 1991లో ఆర్బాక్ అందులో ఒకసారి న్యాయవాదిగా కనిపించాడు. 1992 నుండి 2004 వరకు లెన్నీ బ్రిస్కో అనే డిటెక్టివ్ పాత్రను పోషించాడు. బ్రిస్కో తాగుడు మానిన వాడు, సంసారం చెడిన వాడు, మనసులోని బాధను పొడి హాస్యంతో కప్పుకొనే వాడు.

రంగస్థలంపై గొంతు చివరి వరుసను చేరవలెను. హావభావాలు విశాలంగా ఉండవలెను. కెమెరా ముందు కనుబొమ కదలికయే చాలు. నాటకంలో కథ వరుసగా నడుస్తుంది. చిత్రీకరణలో దృశ్యాలు ముందువెనుకలవుతాయి. ఇంతటి భేదమున్నా పాత విద్య వృథా కాలేదు. నేరస్థలంలో బ్రిస్కో ఒక్క పొడిమాట అనగానే తొలి దృశ్యం ముగియుట ఆ ధారావాహికలో పరిపాటి. ఆ మాటలో ఎక్కడ ఆగవలెనో, ఏ పదాన్ని ఒత్తవలెనో తెలియుటకు తాళజ్ఞానమే తోడ్పడిందని మా అభిప్రాయం.

అయితే ఈ మార్పుకు మూల్యమూ ఉంది. నాటకం ఆ రాత్రితో ముగుస్తుంది. టెలివిజన్ చిత్రం దేశదేశాలకు చేరుతుంది. అందుచేత బ్రిస్కోను ఎరిగిన ప్రేక్షకులలో ఎందరికో ఆయన గాయకుడన్న సంగతి తెలియదు. కాని ఆ ధారావాహిక న్యూయార్క్‌లోనే చిత్రీకరింపబడుట వలన ఆ నగరపు రంగస్థల నటులు పలువురికి పని దొరికింది. నాటకాన్ని మరుగుపరచిన మాధ్యమమే నాటక కళాకారులకు అన్నమూ పెట్టింది.

2004 డిసెంబర్ 28న ఆర్బాక్ క్యాన్సర్‌తో మరణించాడు. ఆయన దానం చేసిన నేత్రాలు ఇరువురికి చూపునిచ్చాయి.

కళాశాల వేదికపై పద్యమో గజలో అభ్యసించే మన విద్యార్థులు ‘రేపు దీనివల్ల ప్రయోజనమేమి?’ అని సంకోచింపనక్కరలేదు. ఆర్బాక్ పాట మానినా తాళం తప్పలేదు. శ్రద్ధతో నేర్చిన విద్య వేదిక మారినా వెంటవచ్చునని ఆయన జీవితం మనకు తెలుపుతున్నది.