సింహళ తెర రాణి మాలినీ ఫోన్సేకా

గల్ఫ్‌లో మనమూ శ్రీలంక వాళ్లూ ఒకే సైటులో పనిచేస్తాం, పక్కపక్క గదుల్లో ఉంటాం. వాళ్లకు మన రజనీకాంత్, షారుఖ్ బాగా తెలుసు. వాళ్ల సినిమాల గురించి మాత్రం మనకు తెలిసింది సున్నా. 2025 మే 24న మాలినీ ఫోన్సేకా 78 ఏళ్ల వయసులో కన్నుమూశారని తెలిసినప్పుడు మా సైటులోని సింహళ కార్పెంటర్లు డీలా పడిపోయారు. మనకు సావిత్రి ఎలాగో, వాళ్లకు ఆమె అలాగన్నమాట.

కొలంబో పక్కనున్న పెలియగొడలో 1947లో పుట్టారు. నాటకాల నుంచి వచ్చి, 1968లో 'పుంచి బబా'తో తెరకెక్కారు. 1972లో లెస్టర్ జేమ్స్ పీరిస్ తీసిన 'నిధానయ'లో, నిధి కోసం భార్యనే బలిచ్చే భర్తను నమ్మిన అమాయకురాలిగా నటించారు. ఆ చిత్రానికి వెనిస్‌లో బహుమతి వచ్చింది. 1997లో సింహళ సినిమాకు 50 ఏళ్లు నిండినప్పుడు అత్యుత్తమ చిత్రంగా దాన్నే ఎంపిక చేశారు. 1978లో తమిళ 'పైలట్ ప్రేమ్‌నాథ్'లో శివాజీ గణేశన్ సరసన నటించారు. 1984లో 'ససర చేతన'తో దర్శకురాలయ్యారు. 2010 నుంచి 2015 వరకు పార్లమెంటు సభ్యురాలిగానూ ఉన్నారు.

ఇవన్నీ ఒక ఎత్తు, ప్రసన్న వితానగె 2008లో తీసిన 'ఆకాస కుసుం' ఒక ఎత్తు. పేరు అచ్చం మన ఆకాశ కుసుమమే. అందులో ఆమె సంధ్యారాణి అనే పాతకాలపు హీరోయిన్. ఒకప్పుడు జనం ఎగబడ్డ తార. ఇప్పుడు పట్టించుకునే దిక్కు లేదు. కొత్త తారలు చాటుగా కలుసుకోవడానికి ఇంట్లో గది అద్దెకిచ్చి పొట్ట పోసుకుంటుంది. ఎప్పుడో వదిలేసుకున్న కూతురు చివరికి ఎదురుపడుతుంది. అరవై ఏళ్ల వయసులో ముఖంలోని ముడతలు దాచుకోకుండా, పెద్ద పెద్ద డైలాగులు లేకుండా మాలిని ఆ పాత్ర చేశారు.

సినిమావాళ్ల కథే అయినా అది మనల్నీ తాకుతుంది. ఒంట్లో సత్తువ ఉన్నన్నాళ్లే సైటులో మన పేరు వినిపిస్తుంది. పదిహేనేళ్లు ఓవర్‌టైం చేసి ఊరికెళితే, సొంత పిల్లలే కొత్తవాళ్లను చూసినట్టు చూస్తారు. సంపాదించిన పేరు ఎన్నాళ్లుంటుంది, వదిలొచ్చిన బంధం మళ్లీ దొరుకుతుందా? సంధ్యారాణి అడిగేదీ, రాత్రిపూట మన గదుల్లో మనం అడుక్కునేదీ ఒక్కటే.

నిజ జీవితంలో మాలినిని మాత్రం జనం మరచిపోలేదు. కొలంబోలో ప్రభుత్వ లాంఛనాలతో సాగనంపారు. ఈ శుక్రవారం పక్క గది సింహళ సోదరుణ్ణి అడిగి ఆమె సినిమా ఒకటి పెట్టించుకోండి. మాట అర్థం కాకపోయినా ఆ ముఖం అర్థమవుతుంది.