తెరకి అటు వాడు, ఇటు నేను

మా ఇంట్లో గోడ ఎటుండాలో గడియారం చెబుతుంది. సాయంత్రం ఏడున్నరకి తమ్ముడు తెరను తనవైపు తిప్పుకుంటాడు. దాని వీపు నావైపు వస్తుంది. అంతే, వాడిది ఆఫీసు, నాది పడగ్గది.

బోరబండలో మూడంతస్తుల మేడమీద ఒంటరి గది మాది. పన్నెండడుగుల పొడవు, పదడుగుల వెడల్పు. పొయ్యిగట్టు కూడా అందులోనే. ఓనరుగారు దీన్ని పెంట్‌హౌస్ అంటారు. ఇంట్లో ఒకే గది ఉంటే అది కనీసం 9.5 చదరపు మీటర్లుండాలని జాతీయ భవన నియమావళి లెక్క. మాది 11 దాటింది కనుక మేం కలిగినవాళ్లమే!

పరుపులు పొద్దున్నే చుట్టేస్తాం. ఒక మడతబల్ల, రెండు కంచాలు, మూడు గ్లాసులు. మూడోది అమ్మ వస్తే. మొదటిసారి వచ్చిన పిన్ని చుట్టూ చూసి, "సామాను లారీ ఇంకా రాలేదా?" అంది. దీన్నే ఇప్పుడు మినిమలిజం అంటున్నారని తమ్ముడు ఆవిడకి చెప్పబోయి ఊరుకున్నాడు. మాకు వైరాగ్యమేం పుట్టలేదు, చోటు లేదంతే.

ఈ ఇంట్లో ఖరీదైన వస్తువు ఆ తెరే. 15.6 అంగుళాల పోర్టబుల్ మానిటర్, పలకలా సంచిలో పడుతుంది. తమ్ముడు సెకండ్ హ్యాండ్‌లో కొన్నాడు. కుడి మూలన చిన్న నల్లచుక్క ఉంది. మొదటివారం దోమ అనుకుని రెండుసార్లు కొట్టాను. వాడి ఆఫీసు లాప్‌టాప్‌కి ఒక్క సి-టైప్ వైరు పెడితే బొమ్మా, కరెంటూ రెండూ వెళ్తాయి. నా పాత లాప్‌టాప్ తెర పగిలిపోయింది కాబట్టి ఈ మానిటర్ లేకపోతే నాకు డీఎస్సీ పాఠాలే లేవు. 2024లో తెలంగాణలో 11,062 టీచరు పోస్టులు పడ్డప్పుడు చేజార్చుకున్నాను. మళ్లీ పడేదాకా తెరకోసం వాదనే.

వాడి మీటింగు న్యూయార్క్‌లో పొద్దున పదింటికి. మనకి రాత్రి ఏడున్నర. నవంబరులో అమెరికావాళ్లు గడియారాలు గంట వెనక్కి తిప్పుతారు, ఇక్కడ ఎనిమిదిన్నరవుతుంది. నా చదువు గంట జరుగుతుంది. న్యూయార్క్‌లో ముల్లు కదిలితే బోరబండలో నా పెడగాజీ వాయిదా!

ఇరుకిల్లు మాకొక్కరికే కాదు. జపాన్‌లో కామో నో చోమేయి అనే కవి 1212లో 'హోజోకి' రాశాడు. కొండమీద తన పదడుగుల చదరపు గుడిసె గురించి అందులో చెప్పాడు. కావాలంటే విప్పి రెండు బళ్లమీద వేసుకుపోవచ్చట. లోపల మడతపెట్టే తంత్రివాద్యం ఒకటి, ఊడదీసి బిగించుకునే వీణలాంటిది మరొకటి. చదివి మురిసిపోయాను. కాకపోతే ఆయన ఒక్కడే ఉండేవాడు. "అక్కా, కాస్త సౌండు తగ్గించవా" అనే తమ్ముడు లేడు.

ఆదివారం మాత్రం ఇద్దరం ఒకేవైపు. బియ్యండబ్బామీద తెర, ఒకే ఇయర్‌ఫోన్ వైరు, చెవికొకటి. ముందురోజు ఎంత పోట్లాడుకున్నా మూరెడు దూరంలోనే కూర్చోవాలి. వైరు అంతే ఉంది మరి.

మన భాషలో స్క్రీనూ తెరే, కర్టెనూ తెరే. మా తెర ఎత్తు 19 సెంటీమీటర్లు, జానెడుకి కొంచెం తక్కువ. అటు కూర్చున్న తమ్ముడు ముక్కు పైనుంచి కనిపిస్తాడు. తోలుబొమ్మలాటలో తెరవెనక దీపం పక్కన కూర్చున్నట్టు, నేను బొమ్మను కాకుండా దాని వెలుగునే చూస్తాను. మొహం నిలకడగా నీలంగా ఉంటే మీటింగు. రంగులు ఎగురుతుంటే క్రికెట్టు.

పోయిన నెల ఒక రాత్రి మొహం చాలాసేపు నీలంగానే ఉంది. "ఓకే, ఐ అండర్‌స్టాండ్" అన్నాడు మూడుసార్లు. కళ్లు నవ్వుతున్నాయి. బల్లకింద మాత్రం కాలివేళ్లు చాప అంచుని పట్టుకుని నలుపుతున్నాయి. తర్వాత వెలుగు తగ్గించి, తెర వంచి, నావైపు చూశాడు. కళ్లు మూసుకున్నాను.

పొద్దున టీ పోస్తుంటే అడిగాడు. "రాత్రి నిద్రపట్టిందా అక్కా?"

"హాయిగా పట్టిందిరా," అన్నాను.