చిక్కుడుకాయ – ఎండురొయ్య

పాశ్చాత్యులు బీన్సుకాయలలో ఉప్పుపట్టించిన పందిమాంసపు ముక్కలు వేసి వండుదురు. మన శ్రీకాకుళం, విజయనగరం తీరగ్రామములలో ఆ రుచిని చిక్కుడుకాయలకు ఎండురొయ్యలిచ్చును.

గుప్పెడు రొయ్యలకు తలలు, తోకలు తుంచి, నూనె లేని మూకుడులో దోరగా వేయించి, ఇసుక పోవువరకు నాలుగైదు నీళ్లలో కడుగవలెను. ఈ ఓపిక లేనివారు ఈ కూర జోలికి పోకుండుటే మేలు.

ఈనెలు తీసిన 250 గ్రాముల లేత చిక్కుడుకాయలను మరుగునీటిలో, మూత పెట్టక ఉడికించవలెను. మూత పెట్టినచో కాయలలోని ఆమ్లము ఆవిరితో పోక లోననే నిలిచి పచ్చదనమును చెరచును. చింతపండు పులుసు పోయకుండుటయు ఇందుకే. పోపులో ఉల్లిపాయ, పచ్చిమిరపకాయ, రొయ్యలు వేగిన పిదప కాయలు కలిపి ఇగురనీయవలెను. రొయ్యలలో ఉప్పదనము ముందే కలదు గనుక, రుచి చూచిన తరువాతనే ఉప్పు వేయవలెను. వేడి అన్నములోనికే కాదు, చోడి అంబలిలో నంజుకొనుటకును ఈ కూర బాగుండును.