భావస్తర శాస్త్రం: లేని పొరను చదవడం ఎలా?

1. ప్రవేశిక

భూవిజ్ఞాని శిలలను చదివినట్టు ఒక సమాజపు ఆలోచనలను పొరలుగా చదవగలమా? అటువంటి శాస్త్రం ఏదీ స్థిరపడలేదు. అయితే ఆ ఊహకు పూర్వరంగం లేకపోలేదు. మిషెల్ ఫూకో 1969లో ప్రచురించిన తన గ్రంథానికి ‘జ్ఞాన పురాతత్వం’ అనే అర్థం వచ్చే పేరు పెట్టాడు. 1980లో జిల్ డెల్యూజ్, ఫెలిక్స్ గ్వాటరీ తమ గ్రంథంలో ఒక అధ్యాయాన్ని ‘నీతి భూవిజ్ఞానం’గా వ్యవహరించి, కానన్ డాయిల్ కథల్లోని ప్రొఫెసర్ ఛాలెంజర్ చేత అందులో ఉపన్యాసం ఇప్పించారు. కల్పిత శాస్త్రానికి కల్పిత ఆచార్యుడే దొరికాడు. ఆ ఊహాశాస్త్రాన్ని ‘భావస్తర శాస్త్రం’ అని పిలుస్తూ, తెలుగు సాహిత్య చరిత్ర పరిశోధనకు అది ఎక్కడ ఉపకరిస్తుందో, ఎక్కడ దారి తప్పిస్తుందో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

2. స్తరం - శిలాజం

కదలిక లేని అవక్షేప శిలల్లో కింది పొర పాతది, పై పొర కొత్తది. ఈ సూత్రాన్ని నికొలస్ స్టెనో 1669లో ప్రతిపాదించాడు. ఏ పొరలో ఏ శిలాజాలు ఉన్నాయో చూసి పొరలను గుర్తుపట్టవచ్చునని విలియం స్మిత్ నిరూపించాడు. ఇంగ్లండ్, వేల్స్ ప్రాంతాలకు అతడు తయారుచేసిన భూవైజ్ఞానిక పటం 1815లో వెలువడింది.

భాషలోనూ ఇటువంటి శిలాజాలు కనిపిస్తాయి. రూపాయికి పదహారు అణాల లెక్క 1957 ఏప్రిల్ 1న దశాంశ నాణేల రాకతో తొలగిపోయింది. అణాను ఎన్నడూ చూడని తరం కూడా ‘పదహారణాల తెలుగు’ అంటూనే ఉంది. ఒక లెక్కింపు విధానం అంతరించినా, పదహారు అంటే సంపూర్ణం అన్న భావం నుడికారంలో మిగిలింది.

3. స్తరభంగం

పొరల వరుస అన్నిచోట్లా అవిచ్ఛిన్నంగా ఉండదు. తిరుపతి నుంచి తిరుమలకు వెళ్లే ఘాట్ రోడ్డు పక్కన ప్రాచీనమైన గ్రానైట్ తదితర శిలల మీద క్వార్ట్‌జైట్ పొరలు నేరుగా కూర్చుని ఉన్నాయి. ఈ రెండింటి నడుమ పదుల కోట్ల సంవత్సరాల కాలానికి అక్కడ రాతి సాక్ష్యం లేదు. ‘ఎపార్కియన్ అన్‌కన్ఫర్మిటీ’గా ప్రసిద్ధమైన ఈ ప్రదేశాన్ని జాతీయ భూవైజ్ఞానిక స్మారకంగా గుర్తించారు. ఇటువంటి సంధిని ఇక్కడ ‘స్తరభంగం’ అందాం. దాని ముందు నిలిచిన భూవిజ్ఞాని ‘ఆ కాలంలో ఏమీ జరగలేదు’ అనడు. పొరలు ఏర్పడి కోతకు గురయ్యాయా, అసలు ఏర్పడనే లేదా అని అడుగుతాడు.

4. ప్రాఙ్నన్నయ యుగం

సాహిత్య చరిత్రలో ఇదే ప్రశ్న నన్నయ దగ్గర ఎదురవుతుంది. 11వ శతాబ్దిలో రాజరాజ నరేంద్రుని ఆస్థానంలో భారతాంధ్రీకరణ పరిణత కావ్యభాషలో మొదలైంది. అంతకు పూర్వపు తెలుగు కావ్యం మనకు లభించలేదు. కానీ 9వ శతాబ్దికి చెందిన పండరంగని అద్దంకి శాసనంలో తరువోజ ఉంది. యుద్ధమల్లుని బెజవాడ శాసనంలో మధ్యాక్కరలు ఉన్నాయి. కరీంనగర్ ప్రాంతంలోని కుర్క్యాల శాసనంలో కంద పద్యాలు ఉన్నాయి. మూడు వేర్వేరు చోట్ల మూడు ఛందోరూపాలు రాతికెక్కాయంటే, వాటి వెనుక పద్యాన్ని అల్లినవారు, విని గుర్తించినవారు ఉండి ఉండాలి.

అందువల్ల నన్నయకు ముందరి ఖాళీ ‘పొర ఏర్పడకపోవడం’ కన్నా ‘కోత’గా భావించడానికే ఎక్కువ ఆధారముంది. రాయి నిలుస్తుంది, తాటాకు చివికిపోతుంది, పాట పాడిన గొంతుతోనే పోతుంది. మనకు మిగిలింది ఆనాటి ఆలోచన మొత్తం కాదు, అందులో నిలవగల పదార్థం మీదికి ఎక్కిన భాగమే.

5. ఉపమాన పరిమితులు

ఈ ఉపమానం రెండుచోట్ల విఫలమవుతుంది. మొదటిది, శిలాజం తిరిగి ప్రాణం పోసుకోదు, భావం పోసుకోగలదు. గ్రహణాలు ఛాయల వల్ల కలుగుతాయని ఆర్యభటుడు 499 నాటి ఆర్యభటీయంలోనే వివరించాడు. నేటికీ ‘గ్రహణం పట్టింది, విడిచింది’ అంటాం. ఖగోళశాస్త్ర అధ్యాపకుని నోట ఆ మాట శిలాజం. గ్రహణవేళ గర్భిణిని కదలనీయని ఇంట్లో అది సజీవ విశ్వాసం. కనుక పదం ఆయుర్దాయాన్ని బట్టి కాక, ప్రయోగ సందర్భాన్ని బట్టి దాని స్తరాన్ని నిర్ణయించాలి.

రెండవది మరింత కీలకం. నదికీ గాలికీ పక్షపాతం లేదు. రాతకు ఉంది. శాసనం చెక్కించగలిగినవారు పాలకులు, దాతలు. తిరగలి పాటలు, దంపుళ్ల పాటలు పాడిన స్త్రీలు శాసనాలు వేయించలేదు. ఆ పాటలు ఆలస్యంగా కాగితమెక్కాయి. సేకరించిన తేదీని పుట్టిన తేదీగా భావిస్తే పాత పొరను కొత్త పొరగా పొరబడినట్టే. పుట్టిన తేదీ తెలియదు కనుక అవి అతి ప్రాచీనమని ప్రకటించడం కూడా అంతే పొరపాటు.

6. ముగింపు

భావస్తర శాస్త్రం ఊహే కావచ్చు. అది నేర్పే క్రమశిక్షణ మాత్రం వాస్తవం. ‘ఆధారం లేదు’ అన్న వాక్యాన్ని ‘అది లేదు’ అన్న వాక్యంగా మార్చే ముందు పరిశోధకుడు మూడు ప్రశ్నలు వేసుకోవాలి: ఆ కాలపు ఆలోచన ఏ పదార్థం మీద నిలిచింది? ఆ పదార్థం ఎంతకాలం మన్నుతుంది? దానిపై రాసే అధికారం ఎవరి చేతిలో ఉంది? ఈ మూడింటికీ సమాధానం వెదకకుండా రాసిన చరిత్రలో, కోతకు గురైనవారు రెండోసారి కోతకు గురవుతారు.