విడిపోయిన ఇంట్లో బిడ్డ ఎవరి దగ్గర?

అమీర్‌పేట నుంచి పంజాగుట్టకు మెట్రోలో ఒక్క స్టేషన్. విడిపోయిన భార్యాభర్తల్లో ఒకరు ఇటు, ఒకరు అటు అద్దెకుంటే, బిడ్డను చూసి రావడానికి పెద్ద ప్రయాణమేమీ అక్కర్లేదు. అయినా నెలల తరబడి బిడ్డ ముఖం చూడనివాళ్లు ఉంటారు. “పాపను చూపించట్లేదండీ” అని పోలీస్ స్టేషన్‌కు వెళ్తారు. బిడ్డ ఉన్నది కన్నవాళ్ల దగ్గరే కాబట్టి పోలీసులు సాధారణంగా కోర్టుకు వెళ్లమనే చెబుతారు.

ఆ కోర్టు ఫ్యామిలీ కోర్టు. హైదరాబాద్‌లో ఆ మాట అనగానే చాలామందికి పురానీ హవేలీ గుర్తొస్తుంది. అక్కడ ప్రధానంగా పనికొచ్చేది 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం. హిందువులకు దానితోపాటు 1956 నాటి మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం కూడా ఉంది. అయిదేళ్లలోపు బిడ్డ మామూలుగా తల్లి దగ్గరే ఉండాలని ఈ 1956 చట్టం చెబుతుంది. దాన్ని పట్టుకుని, అయిదేళ్లు నిండగానే బిడ్డ తండ్రి దగ్గరకు వెళ్లిపోతుందని చాలామంది అనుకుంటారు. అలాంటి నియమం ఎక్కడా లేదు. ముస్లిం కుటుంబాలకు వాళ్ల ధర్మశాస్త్రంలో వేరే వయసు లెక్కలున్నాయి. ఎవరి విషయంలోనైనా చివరికి కోర్టు చూసేది బిడ్డకు ఏది మేలన్నదే. ఎవరి జీతం ఎక్కువ, తప్పు ఎవరిది అన్నవాటికి అంతటి బరువు ఉండదు.

హైదరాబాద్‌లో మొదలై సుప్రీంకోర్టు దాకా వెళ్లిన ఒక కేసు తెలుసుకోదగ్గది. 2008లో ఇక్కడ పెళ్లి చేసుకున్న జంట అమెరికాలోని పెన్సిల్వేనియాలో స్థిరపడింది. ఇద్దరు పిల్లలూ అక్కడే పుట్టారు. 2016 చివర్లో విడాకుల వ్యవహారం అక్కడి కోర్టులోనే మొదలైంది. 2017 మార్చిలో తల్లి పిల్లలతో హైదరాబాద్ వచ్చి, ఏప్రిల్‌లో ఇక్కడి ఫ్యామిలీ కోర్టులో కస్టడీ కోరారు. పిల్లలు మామూలుగా ఉండే ఊరు ఇది కాదు, కాబట్టి ఈ కోర్టుకు కేసు వినే అధికారమే లేదని తండ్రి వాదన. ఫ్యామిలీ కోర్టు దాన్ని ఒప్పుకోలేదు. 2018లో హైకోర్టు ఒప్పుకుంది. 2019 మార్చి 15న జస్టిస్ ఖాన్విల్కర్, జస్టిస్ అజయ్ రస్తోగీల సుప్రీంకోర్టు ధర్మాసనం హైకోర్టునే సమర్థించి, పిల్లలు అమెరికాకు తిరిగి వెళ్లాలని చెప్పింది.

విదేశీ కోర్టు ఉత్తర్వు ఉంటే చాలు, పిల్లల్ని పంపేస్తారని దీనర్థం కాదు. పిల్లల్ని దేశం దాటించిన సందర్భాల కోసం 1980లో వచ్చిన హేగ్ ఒప్పందంలో భారత్ చేరలేదు. అందుకే మన కోర్టులు ఏ కేసుకా కేసు విడిగా చూస్తాయి. తెలుగువాళ్ల ఇళ్లలో అమెరికా కాపురాలు ఇంత సాధారణమైపోయాక, టికెట్ కొనకముందే ఈ సంగతి తెలిసి ఉండాలి.

దేశం దాటకుండా ఊరు మారినా, కేసు ఎక్కడ నడవాలన్న చిక్కు అదే. అమీర్‌పేట కాపురం చెడి, తల్లి బాబుతో విజయవాడ పుట్టింటికి చేరిందనుకుందాం. 1890 చట్టం ప్రకారం కేసు నడవాల్సింది బాబు మామూలుగా ఉండే చోట. అది ఏ ఊరన్న దాని మీదే ముందు వాదన మొదలవుతుంది. వాయిదాలు గడిచేకొద్దీ బాబుకు కొత్త స్కూలు, కొత్త స్నేహితులు అలవాటవుతారు. తర్వాత మళ్లీ కదిలించడానికి ఏ జడ్జి అయినా వెనకాడతారు. “కాస్త పెద్దయ్యాక చూద్దాంలే” అని పెద్దలిచ్చే సలహా వల్ల జరిగే నష్టం ఇదే. అసలు కేసు తేలేలోపు తాత్కాలిక ఉత్తర్వు అడిగే వీలు చట్టంలో ఉంది. మొదటి వాయిదాల్లోనే అడగాలి.

ఆ ఉత్తర్వు ఎంత వివరంగా ఉంటే అంత మంచిది. “ఆదివారాలు తండ్రి చూడవచ్చు” అని మాత్రమే రాస్తే ప్రతి ఆదివారం గొడవే. ఎన్ని గంటలకు, ఎక్కడ, ఎవరు దింపాలి, ఎవరు తీసుకెళ్లాలి, పరీక్షలప్పుడు ఎలా, సంక్రాంతికీ బతుకమ్మకూ ఎవరింట్లో, ఎండాకాలం సెలవుల్లో ఎన్నాళ్లు అన్నీ రాయించుకోవాలి. దూరాన ఉన్నవాళ్లు ఫోన్‌నూ అందులో చేర్పించాలి. బిడ్డతో రోజూ అయిదు పది నిమిషాలు మాట్లాడే వీలుండాలని సుప్రీంకోర్టు 2020లో ఒక తీర్పులో చెప్పింది.

భరణం ఆగిందని బిడ్డను చూపించకపోవడం, బిడ్డను చూపించలేదని భరణం ఆపడం రెండూ తప్పే. వాటిని విడివిడిగా కోర్టులో తేల్చుకోవాలి.

బిడ్డకు ఊహ తెలిశాక జడ్జి ఏకాంతంగా మాట్లాడవచ్చు. నేర్పించి పంపిన మాటలు ఆ గదిలో తేలిగ్గానే బయటపడతాయి. దానికంటే బాధాకరమైన విషయం ఇంకొకటుంది. అమ్మ మీదో నాన్న మీదో చెప్పించిన అబద్ధం బరువును ఏడేళ్ల పిల్ల ఎన్నేళ్లు మోస్తుందో మనకు తెలియదు. దయచేసి ఆ పని మాత్రం చేయకండి.

కస్టడీ ఉత్తర్వు శాశ్వతం కాదు. ఉద్యోగం మారినా, బిడ్డ ఆరోగ్యం మారినా, పై చదువుకు హాస్టల్లో చేరాల్సి వచ్చినా మార్చమని అడగవచ్చు. లాయరు ఖర్చు భరించలేని వాళ్లు 15100కు ఫోన్ చేసి ఉచిత న్యాయ సహాయం గురించి కనుక్కోవచ్చు. 1987 నాటి చట్టం ప్రకారం మహిళలకు, పిల్లలకు ఆదాయంతో పని లేకుండా ఆ సాయం అందుతుంది.