కిమ్చీ జాడీలో ఇడ్లీపిండి జీవి

చదువునకో, ఉద్యోగమునకో, విహారమునకో దక్షిణ కొరియాకు పోవు తెలుగువారు నేడు పలువురు కలరు. సియోల్ నగరమున ఇట్టి యాత్రికుల కొరకు ఇంటివంట నేర్పు తరగతులు నడచుచున్నవి. ఒక పూటలో ముగియు పాఠమది. నేర్పు గృహిణి యాత్రికులను మొదట అంగడికి తీసికొనిపోయి ఆకులు, దుంపలు, ఎండుచేపలు చూపి, పిదప తన వంటయింట కూర్చుండబెట్టి, వారి చేతనే వండించి వడ్డించును. ఆ పాఠములలో తరచుగా ఉండునది కిమ్చీ, అనగా కొరియావారి ఊరగాయ.

మదనపల్లె నుండియో, పుంగనూరు నుండియో, కుప్పము నుండియో పోయిన ఒక ఇల్లాలు ఆ పాఠమున కూర్చుండినదనుకొందము. ఆవకాయ, మాగాయ పెట్టుట ఆమె చిన్ననాటి నుండి ఎరిగిన పని. అయినను అచట మూడు సంగతులు ఆమెకు వింతగా తోచును. ఆకులకు దట్టముగా ఉప్పు పట్టించి, కొన్ని గంటలు పోయిన పిదప ఆ ఉప్పును నీళ్లతో కడిగివేయుదురు. నూనె చుక్కయైనను పోయరు. నాలుగు నాళ్లకు జాడీలో బుడగలు పొంగినచో, చెడిపోయినదని పారవేయుటకు మారుగా, కుదిరినదని సంతోషింతురు. నేర్పునామె చేసి చూపునే గాని కారణము చెప్పదు. కొరియావారు దీనిని 'సొన్మాట్' అందురు. చేతి రుచి అని అర్థము. మన ఇండ్లలో 'చేతి మహిమ' అనుట వంటిదే. ఆ మహిమ వెనుకనున్న శాస్త్రమును తెలిసికొనుట వట్టి కుతూహలము కొరకు కాదు. ఆవకాయ, కిమ్చీ అను రెండును నిలువయుండుట వేరువేరు సూత్రముల వలన. ఒకదానిలో సగమును రెండవదానిలో సగమును కలిపి చేసినచో ప్రాణాపాయము కూడ కలుగవచ్చును.

ఈ వంటను చూచుటకు ఇప్పుడు సముద్రములు దాటనక్కరలేదు. పెనుకొండ సమీపమున కియా కార్ల కర్మాగారము 2019లో ఉత్పత్తి మొదలుపెట్టినది. దానితో కొరియా ఉద్యోగులు ఆ ప్రాంతమునకును అనంతపురమునకును వచ్చిరి. వారి కొరకు కొరియా భోజనశాలలును వెలసినవి. చిత్తూరు సీమ పడమటి మండలములకు అది పొరుగే.

ముందు ఉప్పు సంగతి చూతము. కిమ్చీకి వాడు ఆకుకోసును మన క్యాబేజి అనుకొనరాదు. అది పొడవుగా, లేతగా, తెల్లని మందపు తొడిమలతో ఉండును. బరువులో నూటికి 95 పాళ్లు నీరే. దానిని నిలువున చీల్చి, రేకురేకునకు ఉప్పు చల్లి, లేదా సుమారు పది పాళ్ల ఉప్పునీటిలో నానవేసి, రాత్రంతయు ఉంచుదురు. ఆకు కణములలోని ద్రవము పలుచన. బయటి ఉప్పునీరు చిక్కన. మధ్యనున్న కణపొర నీటిని పోనిచ్చును గాని కరిగిన పదార్థములను తేలికగా పోనీయదు. కావున నీరు లోపలి నుండి బయటకు వచ్చును. పాఠశాలలో ద్రవాభిసరణమని చెప్పునది ఇదియే. మాగాయ ముక్కలలో ఉప్పు వేయగా 'ఊట' దిగుటయు ఇదియే. నీరు పోయిన కణములు బిగువు తప్పును. మందపు తొడిమను వంచినప్పుడు పుటుక్కున విరుగక తాడువలె వంగినచో ఉప్పు చాలినట్లు గుర్తు. వెంటనే రెండు మూడు నీళ్లలో కడిగి వాడ్చుదురు. చివరకు ఆకులో మిగులునది నూటికి 2 లేక 3 పాళ్ల ఉప్పు మాత్రమే. ఆ రెండు మూడు పాళ్లలోనే కీలకమంతయు ఉన్నది.

తరువాత కారపు ముద్ద. మిరపపొడి, వెల్లుల్లి, అల్లము, ఉల్లికాడలు, ముల్లంగి తురుము, ఉప్పులో ఊరిన చిన్న రొయ్యలు లేక చేపల ద్రవము, వీటిని పట్టి ఉంచుటకు జిగురుబియ్యపు గంజి. మిరపపొడిని అచట 'గోచుగారు' అందురు. ఇందులోని 'గారు' మర్యాదకు కాదు, పొడి అని అర్థము. శాకాహారులు దిగులుపడనక్కరలేదు, కొరియా బౌద్ధాలయములలో చేపయు, వెల్లుల్లియు లేని కిమ్చీ కూడ కలదు. బియ్యపు గంజి ముద్ద పట్టుటకే కాక సూక్ష్మజీవులకు ఆహారముగా కూడ ఉపయోగపడును.

భాషల ముచ్చట ఒకటి. కుప్పములో 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయము వెలసినది కదా. హల్బర్ట్ అను అమెరికా దేశస్థుడు 20వ శతాబ్ది తొలి సంవత్సరములలోనే కొరియా భాషను ద్రావిడ భాషలతో పోల్చి ఒక గ్రంథము ప్రకటించెను. కొరియా పిల్లలు తండ్రిని 'అప్పా' అని పిలుచుట విన్నవారికి అది నిజమే అనిపించును. భాషాశాస్త్రజ్ఞులు మాత్రము ఆ చుట్టరికమును అంగీకరింపలేదు. భాషలో లేకున్నను జాడీలో చుట్టరికము కలదు.

పాలను తోడుపెట్టునప్పుడు నిన్నటి పెరుగు కొంచెము వేయుదుము. పుంగనూరు పొట్టి ఆవు పాలైనను, సీమ ఆవు పాలైనను తోడు లేనిదే మంచి పెరుగు కాదు. కిమ్చీకి తోడు లేదు. కావలసిన సూక్ష్మజీవులు ఆకు మీదను, అల్లము వెల్లుల్లుల మీదను ముందే ఉన్నవి. వాటితోపాటు కుళ్లజేయు జీవులును ఉన్నవి. వీటిలో ఎవరు గెలువవలెనో నిర్ణయించునది ఉప్పు. రెండు మూడు పాళ్ల ఉప్పులో కుళ్లజేయు జీవులలో పెక్కు మందగించును. లాక్టిక ఆమ్లమును పుట్టించు జీవులు ఆ మాత్రపు ఉప్పును లెక్కచేయవు. జాడీలో అదిమి గాలి పోగొట్టుట వలన వాటికి మరింత అనుకూలమగును.

మొదట విజృంభించు జీవులలో ముఖ్యమైనది ల్యూకోనాస్టాక్ మెసెంటిరాయిడిస్. ఆకులోని చక్కెరను తిని అది లాక్టిక ఆమ్లమును మాత్రమే గాక బొగ్గుపులుసు వాయువును కూడ విడుచును. బుడగలు అవియే, నాలుకపై చురుక్కుమను సోడా వంటి రుచియు దానిదే. 1965లో అమెరికాలో కొందరు శాస్త్రజ్ఞులు మన ఇడ్లీపిండిని పరిశీలించి, అది పొంగుటకు ముఖ్యకారణము ఏ జీవియో ప్రకటించిరి. అదియు ఈ ల్యూకోనాస్టాక్ మెసెంటిరాయిడిసే! మినుముల మీదనుండి వచ్చి మదనపల్లె వంటయింట పిండిని రాత్రికి రాత్రి పొంగించు జీవియు, సియోల్ వంటయింట జాడీలో బుడగలు లేపు జీవియు ఒక్క జాతివే. ఇడ్లీపిండి పొంగినదని సంతోషించు ఇల్లాలు కిమ్చీ పొంగినదని భయపడనక్కరలేదు.

పులుపు పెరిగినకొలది ల్యూకోనాస్టాక్ తగ్గిపోయి, పులుపును మరింత ఓర్చు లాక్టోబాసిల్లస్ వర్గపు జీవులు పైకి వచ్చును. ఆమ్లతను కొలుచు పి.హెచ్. సంఖ్య మొదట ఆరుకు దగ్గరగా ఉండి, కిమ్చీ రుచిగా పండునప్పటికి సుమారు 4.2 వరకు దిగును. ఈ సంఖ్య తగ్గినచో పులుపు పెరిగినట్లని విద్యార్థులకు గుర్తుచేయవలెను. ఇంకను ఉంచినచో పులుపు హెచ్చి పచ్చిగా తినుటకు బాగుండదు. అప్పుడు కొరియావారు దానిని పులుసుగా కాచుకొందురు. రాగి అంబలియు, నీళ్లు పోసి ఉంచిన చద్దియు పులియుటలో కూడ ఈ లాక్టిక జీవులదే పని.

ఆవకాయ మార్గము వేరు. అందులో ఏ జీవినీ పెరగనీయకుండుటయే ఉద్దేశము. మామిడికాయ పులుపు పుట్టుకతోనే ఉన్నది. ఉప్పు తరచుగా నూటికి పది పాళ్లకు పైబడును. ఆవపిండి ఘాటు సూక్ష్మజీవులను అణచును. పైన తేలు నూనె గాలిని ఆపి బూజు పట్టనీయదు. అందుచేత ఆవకాయ ఏడాది నిలుచును, బుడగ లేవదు. కిమ్చీ జీవులను పెంచి నిలుచునది. ఆవకాయ జీవులను నిలువరించి నిలుచునది.

ఆవకాయలోని ఆవాలకును కిమ్చీ ఆకునకును మరియొక బంధుత్వము కలదు. కిమ్చీ ఆకు బ్రాసికా రాపా జాతిది. దానికి 10 జతల క్రోమోసోములు. నల్ల ఆవమొక్క బ్రాసికా నైగ్రాకు 8 జతలు. మనము వాడు ఆవాలు ఎక్కువగా బ్రాసికా జన్షియావి. వాటికి 18 జతలు. మొదటి రెండింటి సంకరము వలన మూడవది పుట్టినదన్నమాట. ఈ సంబంధమును 1935లో ఒక త్రిభుజముగా చూపినవాడు ఊ జాంగ్-చున్ అను శాస్త్రజ్ఞుడు. తండ్రి కొరియావాడు, తల్లి జపాను దేశస్థురాలు. ఆయన 1950లో జపాను విడిచి కొరియాకు పోయి, 1959లో మరణించువరకు ఆ దేశపు ఆకుకోసు, ముల్లంగి విత్తనములను బాగుచేయుటలో గడపెను. కిమ్చీ చరిత్రలో ఈయన పేరు వంటపాఠములందు వినబడకపోవుట అన్యాయమే.

యాత్ర ముగించి ఇంటికి వచ్చిన ఇల్లాలికి అసలు చిక్కు వేడిమితో. కొరియాలో చలికాలము ముందు ఊరువాడ కూడి కిమ్చీ పెట్టు 'కిమ్‌జాంగ్' ఆచారము కలదు. 2013లో యునెస్కో దానిని మానవజాతి వారసత్వపు పట్టికలో చేర్చినది. ఆ జాడీలను మట్టిలో పాతిపెట్టెడివారు. నేల చల్లగానే ఉండును గాని గడ్డకట్టనీయదు. కిమ్చీ నెలల తరబడి మెల్లగా పండును. 1990ల నుండి ఆ పనికై ప్రత్యేక శీతలపేటికలు వ్యాప్తిలోనికి వచ్చినవి. 5 డిగ్రీల వద్ద పండుటకు కొన్ని వారములు పట్టునది, 20 డిగ్రీల వద్ద రెండు మూడు దినములలోనే పండును. మదనపల్లె, పుంగనూరు, కుప్పము సుమారు 700 మీటర్ల ఎత్తున ఉన్న చల్లని ఊళ్లే. అయినను వేసవి పగలు 35 డిగ్రీలు దాటును. అప్పుడు ఒక్క దినములోనే పులిసిపోవును. కావున మార్గశిర పుష్యములలో పెట్టి, ఒకటి రెండు దినములు బయటనుంచి, పిదప ఫ్రిజ్‌లో పెట్టుట మేలు.

ఉప్పు సంగతి మరల రావలెను. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దలకు దినమునకు 5 గ్రాములకు తక్కువ ఉప్పు చాలునని చెప్పుచున్నది. 100 గ్రాముల కిమ్చీలో 2 గ్రాములకు పైగా ఉప్పు ఉండును. 20 గ్రాముల ఆవకాయలోను ఇంచుమించు అంతే. ఆవకాయను నంజుకొందురు, కిమ్చీని కూరవలె తిందురు. కాబట్టి కిమ్చీలో ఉప్పు తక్కువ, ఎంతైనను తినవచ్చునను మాట సరికాదు. ఉప్పు తగ్గింతమని రెండు పాళ్లకు దిగువకు పోవుటయు తప్పే. కుళ్లజేయు జీవులు ముందుకు వచ్చును.

ఇంతకంటె గొప్ప ప్రమాదము మరియొకటి. బొట్యులిజము అను ప్రాణాంతక వ్యాధిని కలిగించు విషమును పుట్టించు సూక్ష్మజీవి గాలి లేనిచోట, పి.హెచ్. 4.6 కన్న ఎక్కువైనచోట పెరుగగలదు. కిమ్చీ పులిసి ఆ గీతకు దిగువకు పోవును. ఆవకాయకు మామిడి పులుపు, దండిగా ఉప్పు కాపలా. కాని కిమ్చీ మాదిరి ఉప్పు తగ్గించి, ఆవకాయ మాదిరి నూనె నింపి, పులుపు లేని వెల్లుల్లినో కారెట్టునో బయట నిలువచేసినచో ఏ కాపలాయు లేదు. మదనపల్లె అంగడిలో టమాట ధర పడినప్పుడు వాటిని కిమ్చీగా పెట్టరాదా అని కొందరికి తోచవచ్చును. పండిన టమాట పులుపు ఈ గీతకు దగ్గరగానే ఉండును. పైగా మెత్తబడి కరకర నిలువదు. పచ్చికాయలతో ఇంటిమట్టుకు చేసికొనవచ్చును గాని లారీల కొలది పంటకు ఇది మార్గము కాదు.

ఉన్నతపాఠశాల ప్రయోగశాలలో దీనిని పరీక్షించుట సులభము. మన క్యాబేజితోనే చేయవచ్చును. సన్నగా తరిగిన ఆకు 200 గ్రాముల చొప్పున మూడు సీసాలలో వేయవలెను. మొదటిదానిలో ఉప్పు లేకుండ, రెండవదానిలో 5 గ్రాములు, మూడవదానిలో 20 గ్రాములు కలిపి, ఆకు మునుగునట్లు అదుమవలెను. ఊట చాలనిచో కాచి చల్లార్చిన నీరు పోయవలెను. ప్రతిదినము ఒకే వేళకు పి.హెచ్. కాగితముతో పరీక్షించి, బుడగలు, వాసన, రంగు వ్రాసికొనవలెను. రెండవ సీసాలో రెండు మూడు దినములకే బుడగలు లేచి వాసన కమ్మగా పులియును. మూడవదానిలో ఊట మిక్కుటముగా దిగును గాని పులుపు చాల మెల్లగా వచ్చును. మొదటిది మెత్తబడి దుర్వాసన వేయవచ్చును. దానిని రుచి చూడనీయరాదు. మూతలను బిగించరాదు, బిగించినచో బొగ్గుపులుసు వాయువు ఒత్తిడికి రెండవ సీసా పగులవచ్చును.